16 కిలోమీటర్లు దాటాక ఏ మాట నిలబెడుతుంది?

ప్రశ్న: హాఫ్ మారథాన్‌లో (21.1 కి.మీ.) 16 కి.మీ. దాటగానే మనసు ఆగిపొమ్మంటుంది. కెన్యా మారథాన్ రన్నర్ ఎలియుడ్ కిప్‌చోగే అన్న "ఏ మనిషికీ హద్దుల్లేవు" ఫోన్ తెర మీదే ఉంది, కానీ ఆ సమయానికి గుర్తుకు రాదు. ఎలా వాడాలండీ?

జవాబు 1: ఆ మాట వెనక ఉన్న లెక్క చూడండి. 2017లో ఇటలీలోని మోంజాలో ఆయన మారథాన్ (42.2 కి.మీ.) దూరాన్ని 2 గంటల 25 సెకన్లలో ముగించారు, రెండు గంటల గురి 25 సెకన్లలో చేజారింది. 2019 అక్టోబర్ 12న వియన్నాలో అదే దూరం 1:59:40లో. అదీ 41 మంది పేసర్ల (వేగం నిలబెట్టడానికి తోడు పరిగెత్తేవాళ్ల) అండతో (అందుకే అధికారిక రికార్డు కాదు). నాకైతే నినాదం కన్నా మోంజా నుంచి వియన్నా దాకా సాగిన ఆ రెండేళ్ల సాధనే ఎక్కువ బలమిస్తుంది.

జవాబు 2: రొప్పుతున్నప్పుడు పెద్ద వాక్యం పట్టదండీ. "తేలిగ్గా, ముందుకి" లాంటి రెండు ముక్కలు చేసి అడుగులకి కలపండి. ప్రతి వారం లాంగ్ రన్‌లో చివరి 3 కి.మీ.లోనే వాడండి. మొదటి నుంచీ అంటూ ఉంటే అరిగిపోతుంది. బ్రిటన్ మారథాన్ రన్నర్ పాలా రాడ్‌క్లిఫ్ పరిగెత్తేటప్పుడు అంకెలు లెక్కపెట్టేవారు: మూడుసార్లు వంద అయితే దాదాపు ఒక మైలు.

జవాబు 3: ముందు వేగం సరిచూసుకోండి. మొదటి 5 కి.మీ. అనుకున్నదానికన్నా కిలోమీటరుకి 10 సెకన్లు నెమ్మదిగా వెళ్లండి. హైదరాబాద్‌లో పరిగెడితే ఫ్లైఓవర్లు ఎక్కేటప్పుడు గడియారం చూడొద్దు, ఊపిరి చూసుకోండి. ఛాతీనొప్పి, కళ్లు తిరగడం ఉంటే మాత్రం వెంటనే ఆగాలి.