పేరు పెట్టి పిలిస్తే పలకని పెద్దావిడ

ప్రశ్న:
అట్లాంటాలో మా ఇంటి దగ్గరి గ్రంథాలయంలో శనివారాలు స్వచ్ఛందంగా పనిచేస్తున్నాను. అక్కడ అందరం పేర్లతోనే పిలుచుకుంటాం, 78 ఏళ్ల ఒక నల్లజాతి పెద్దావిడను తప్ప. తనను ‘మిసెస్’ అని ఇంటిపేరుతోనే పిలవాలని ఆవిడ మొదటి రోజే చెప్పారు. కొత్తగా చేరిన తెల్లజాతి యువకుడు చనువుగా పేరు పెట్టి పిలిస్తే ఆవిడ పలకలేదు. అతను దాన్ని అహంభావమనుకున్నాడు. అక్కడికే వచ్చే ఆవిడ మనవరాలికి ఈ పట్టింపు లేదు. దీని వెనుక చరిత్ర ఏమైనా ఉందా?

మొదటి జవాబు:
ఉంది, అది సుప్రీంకోర్టు దాకా వెళ్లిన చరిత్ర. అమెరికా దక్షిణాది రాష్ట్రాల్లో నల్లవారినీ తెల్లవారినీ వేరుగా ఉంచే జాతి విభజన సాగినన్నాళ్లూ, నల్లజాతివారు ఎంత పెద్దవారైనా తెల్లవారు వారిని ఉత్త పేరుతోనో, మగవారినైతే ‘బాయ్’ అనో పిలిచేవారు. వయసు మళ్లిన స్త్రీ ‘ఆంటీ’ అయ్యేది. మనకు అది మర్యాద, అక్కడ ‘మిసెస్’ అనే మాటను ఎగ్గొట్టే ఉపాయం. 1963లో అలబామాలోని గాడ్స్‌డెన్‌లో, పౌరహక్కుల కార్యకర్త మేరీ హామిల్టన్‌ను ప్రభుత్వ న్యాయవాది ‘మేరీ’ అంటూ ప్రశ్నించగా, ‘మిస్ హామిల్టన్’ అంటే తప్ప జవాబివ్వనని ఆమె పట్టుబట్టారు. కోర్టు ధిక్కారమంటూ న్యాయమూర్తి 5 రోజుల జైలు, 50 డాలర్ల జరిమానా విధించారు. 1964లో సుప్రీంకోర్టు దాన్ని కొట్టివేసింది. మీ పెద్దావిడ అప్పటికి హైస్కూలు వయసులో ఉన్నారు.

రెండో జవాబు:
ఆ యువకుణ్ణి తప్పుపట్టలేం. అతని తరానికి పేరుతో పిలవడమే సమానత్వం. అయితే ఆ చనువు తీసుకునే హక్కు ఒకప్పుడు ఒక పక్షానికే ఉండేదని అతనికి ఎవరో ఒకరు చెప్పాలి. 1968లో మెంఫిస్ పారిశుద్ధ్య కార్మికులు ‘ఐ యామ్ ఎ మ్యాన్’ అన్న అట్టలు పట్టుకుని సమ్మె చేశారంటే, ‘బాయ్’ అన్న పిలుపుకు కూడా అది జవాబే.

మూడో జవాబు:
ఇది మనకు తెలియని సంగతి కాదు. మా తాతగారు తనకంటే పెద్దవాడైన పాలేరును ‘ఏరా’ అనేవారు. ఆయన మాత్రం పదేళ్ల మా నాన్నను ‘అయ్యగారు’ అనేవాడు. చూశారా, ఇప్పుడు కూడా నా చేయి ‘అనేవాడు’ అనే రాసింది.

ప్రశ్న అడిగినవారు:
అందరికీ ధన్యవాదాలు. ఆవిడ నన్ను ఏమని పిలుస్తారో ఈ శనివారం గమనించాను. మొదటి రోజు నుంచీ ‘మిస్టర్’ అనే పిలుస్తున్నారు. ఆ యువకుణ్ణి కూడా.