‘గలాంత్’ అంటే వీరుడా, సరసుడా?

ప్రశ్న: బల్గేరియా దర్శకుడు వసీల్ గెందొవ్ 1915లో తీసిన మూకీ సినిమా పేరు ‘బల్గరాన్ ఎ గలాంత్’. దీన్ని ఒక పరిచయంలో ‘వీర బల్గేరియన్’ అని తెలుగు చేశారు. సరేనా?

— రెండు మాటలూ తప్పాయండీ. ‘వీర’ అన్నది ఇంగ్లీషు గ్యాలంట్‌ని చూసి వేసింది. ఇక్కడి గలాంత్ ఫ్రెంచి నుంచి వచ్చిన మాట. ఆడవాళ్ల దగ్గర అతిమర్యాద ఒలకబోసేవాడని అర్థం. కథ చూస్తే సందేహం ఉండదు. కథానాయకుడు వీధిలో కనబడిన అందగత్తె వెంట పడతాడు. ఆవిడ ఖరీదైన హోటల్లో అతని జేబు ఖాళీ చేయించి, కొన్న సరుకులన్నీ అతని చేతులకే ఎత్తుతుంది. చివర్లో మొగుడు ఎదురయ్యేసరికి మన నాయకుడు మూటలు మోసే కూలీగా మిగులుతాడు. ఇందులో వీరత్వం ఎక్కడుంది?

— ‘బల్గరాన్’ కూడా జాతి పేరు కాదు. బల్గేరియా మనిషిని వాళ్లు బల్గరిన్ అంటారు. ‘ఆన్’ చేర్చడం వేళాకోళానికి. 1904లో మొదలైన ఒక హాస్యపత్రికకూ ఇదే పేరు. కాబట్టి దాన్ని అనువదించకుండా పేరుగానే ఉంచాలి.

ప్రశ్న: అయితే ‘షోకిల్లా బల్గరాన్’ అందామా?

— షోకిల్లా అంటే చొక్కా నలగనివ్వడు, అంతే. రసికుడు అంటే కథ మరీ ముదురుతుంది. ‘సరసుడు’ సరిపోతుంది. మధ్యలోని ‘ఎ’ అంటే ‘అయి ఉన్నాడు’. తెలుగుకు ఆ క్రియ అక్కర్లేదు. ‘బల్గరాన్ మహా సరసుడు’ అంటే ఆ ‘మహా’లోనే వెక్కిరింపు దొరుకుతుంది, ‘మహా చెప్పొచ్చావులే’లో లాగా.

— పేర్ల రాతలో ఇంకో సంగతి. ఇంగ్లీషు మీదుగా వస్తే ‘జెండోవ్’ అయిపోతుంది. బల్గేరియన్‌లో అది గకారం, ద మన దంత్యమే. చివరి వ పలుకులో ఫ లాగా వినబడుతుంది, అయినా వ రాయడమే మేలు. ఆయన భార్య, నటి అయిన ఆవిడ ఇంటిపేరు గెందొవా. ‘గెందొఫ్’ అని రాస్తే ఆ జత తెగిపోతుంది.

— గెందొవ్‌దే మరో సినిమా, 1933 నాటి ‘బున్తత్ న రోబితె’కి ఇంత గొడవ లేదు. ‘బానిసల తిరుగుబాటు’, అంతే. ‘అత్’, ‘తె’ అన్నవి ఇంగ్లీషు ‘ది’లా పనిచేస్తూ మాట చివర తగిలే నిర్దేశక ప్రత్యయాలు, వాటిని వదిలేయాలి. రోబ్ అంటే బానిస. (మన రోబో కూడా ఈ చుట్టమే, చెక్ భాష వైపునుంచి.) బల్గేరియా తొలి టాకీ అది. అందులో గెందొవ్ బల్గేరియా విప్లవకారుడు లెవ్‌స్కీ వేషం కట్టాడు. ‘వీర’ అన్న మాట వాడాలనిపిస్తే ఇక్కడ వాడండి.

— ఆ పరిచయంలో ‘కథ, మాటలు, దర్శకత్వం’ అని కూడా వేశారు. 1915 బొమ్మ మూకీ కదా, ‘మాటలు’ తీసేసి ‘రచన’ అని మార్చండి.