త్రీనాట్‌త్రీకి దుర్బిణి బిగిస్తే సరిపోయేదా? రెండవ ప్రపంచ యుద్ధపు స్నైపర్లపై కొన్ని సందేహాలు

ప్రశ్న: మారేడుపల్లి పాఠకుడు

అందరికీ నమస్కారం. హైదరాబాదులో బ్యాంకుల ముందు, ఖజానా కార్యాలయాల ముందు కాపలా పోలీసుల భుజాలకు త్రీనాట్‌త్రీ తుపాకులు వేలాడుతుండగా చూస్తూ పెరిగిన తరంవాణ్ణి నేను. రెండవ ప్రపంచ యుద్ధ చరిత్ర చదువుతున్నప్పుడు, బ్రిటిష్ స్నైపర్లు వాడినది కూడా .303 రైఫిలేనని తెలిసి ఆశ్చర్యపోయాను. మనం చూసిన ఆ పాత తుపాకీకే ఒక దుర్బిణి బిగించి యుద్ధానికి పంపారా, లేక అది వేరే రకమా?

రెండో సందేహం దుర్బిణి గురించి. అప్పటి స్కోపులు రెండున్నర రెట్ల నుంచి నాలుగు రెట్ల వరకు మాత్రమే పెద్దవి చేసి చూపేవని చదివాను. పిల్లల దుర్బిణులు కూడా అంతకంటే ఎక్కువ చూపుతాయి కదా, అంత తక్కువ శక్తితో మనిషిని ఎలా గుర్తుపట్టగలిగారు? ఒక్కో తూటాకు బోల్టు లాగనవసరం లేని సెమీ ఆటోమేటిక్ రైఫిళ్లు అప్పటికే ఉన్నా, స్నైపర్లు పాత బోల్టు తుపాకులనే ఎందుకు పట్టుకుని ఉన్నారు? చివరగా, స్టాలిన్‌గ్రాడ్‌లో సోవియట్ స్నైపర్‌కూ, అతణ్ణి చంపడానికే బెర్లిన్ నుంచి వచ్చిన జర్మన్ మేజర్‌కూ జరిగిన ద్వంద్వయుద్ధం కథలో నిజమెంత? తెలిసినవారు వివరంగా రాయగలరని మనవి.

జవాబు: తిరుమలగిరి విశ్రాంత సైనికుడు

పాఠకుడు గారూ, మీరు చూసిన పోలీసు తుపాకీ, స్నైపర్ తుపాకీ ఒకే కుటుంబానికి చెందినవే గాని ఒకటి కావు. మన పోలీసుల చేతుల్లో కనిపించినవి చాలావరకు బెంగాల్‌లోని ఇషాపూర్ కర్మాగారంలో తయారైన నంబర్ 1 మార్క్ 3 రకం లీ ఎన్‌ఫీల్డులు. బ్రిటిష్ సైన్యం 1942లో స్నైపర్ల కోసం స్వీకరించినది దాని తరువాతి రూపమైన నంబర్ 4 మార్క్ 1 టి. రెండింటి తూటా ఒకటే, పది తూటాల మ్యాగజీను కూడా ఒకటే. తేడా అంతా ఎంపికలోనూ, బిగింపులోనూ ఉంది.

కర్మాగారంలో పరీక్షగా కాల్చినప్పుడు మిగతావాటికంటే దగ్గరగా గుళ్లు పడిన రైఫిళ్లను విడిగా తీసి పెట్టి, వాటిని లండన్‌లో వేట తుపాకులకు పేరుపడ్డ హాలండ్ అండ్ హాలండ్ సంస్థకు పంపేవారు. అక్కడ రైఫిల్ ఎడమ పక్కన స్కోపు ఆధారానికి రెండు దిమ్మలు బిగించి, కర్రభాగం లోహానికి ఎక్కడ ఆనాలో అక్కడే ఆనేటట్లు సరిచేసి, స్కోపు ఎత్తుకు కన్ను అందేలా బట్ మీద చెంప ఆనించుకునే కర్రదిమ్మను మరలతో బిగించేవారు. ఆ తరువాత 200 గజాల దూరంలో 7 తూటాలు కాలిస్తే ఏడూ 5 అంగుళాల వలయంలో, 400 గజాల దూరంలో 7 కాలిస్తే ఆరు 10 అంగుళాల వలయంలో పడాలి. ఈ పరీక్ష నెగ్గిన రైఫిల్‌కూ దాని స్కోపుకూ జత కుదిర్చి, స్కోపు సంఖ్యను రైఫిల్ కర్ర మీదే ముద్రించేవారు, ఎందుకంటే ఒకదాని స్కోపు మరొకదానికి తగిలిస్తే గురి మళ్లీ మొదటి నుంచి సరిచేసుకోవలసి వచ్చేది. ఈ రోజు పోటీ రైఫిళ్లతో పోలిస్తే ఆ 5 అంగుళాల వలయం ఏమంత గొప్పది కాదు. కాని బురదలో, వానలో, నెలల తరబడి అదే వలయాన్ని నిలబెట్టుకునే తుపాకీ అప్పట్లో అరుదు.

ఇక సెమీ ఆటోమేటిక్ సంగతి. సోవియట్ సైన్యం ఎస్.వి.టి. 40 అనే సెమీ ఆటోమేటిక్‌కు స్కోపు పెట్టి చూసింది. గుళ్లు చెదురుగా పడడంతో 1942లో దాని స్నైపర్ తయారీ ఆపివేసి, 1891 నాటి మూలం గల మోసిన్ నాగాంత్‌కే మళ్లీ తిరిగి వచ్చింది. అమెరికన్లు ఎం1 గారండ్‌ను ఎం1సి పేరుతో 1944లో స్వీకరించారు, కాని దాని 8 తూటాల క్లిప్పు పైనుంచి దిగుతుంది కనుక స్కోపును ఎడమ పక్కకు జరపవలసి వచ్చింది, చెంప ఆనడానికి తోలు మెత్త తగిలించవలసి వచ్చింది. వీటికి మించిన కారణం నా దృష్టిలో మరొకటి ఉంది: సెమీ ఆటోమేటిక్ కాల్చిన మరుక్షణమే మెరిసే తూటా తొడుగును బయటికి విసిరేస్తుంది. బోల్టు తుపాకీ ఉన్నవాడు కాల్చి, కదలకుండా పడుకుని, ఎదుటివాడి కళ్లు తన వైపు లేవని నమ్మకం కలిగాక మాత్రమే బోల్టు లాగుతాడు. ఒకే తూటాతో పని ముగించవలసిన వృత్తిలో రెండో తూటా వేగానికి అంత విలువ లేదు.

జవాబు: తార్నాక భౌతికశాస్త్రం

స్కోపు శక్తి గురించి నేను చెబుతాను, ఇది నా పాఠానికి దగ్గరి విషయం.

పెద్దదిగా చూపడం ఒక్కటే దుర్బిణి పని కాదు. సోవియట్ మోసిన్ రైఫిల్ మీద 1942 నుంచి బిగించిన పి.యు. స్కోపునే తీసుకుందాం. అది మూడున్నర రెట్లు పెద్దదిగా చూపుతుంది. ముందు కటకం వ్యాసాన్ని ఆ మూడున్నరతో భాగిస్తే, వెనుక నుంచి కంటిలోకి వచ్చే కాంతిపుంజం వెడల్పు సుమారు 6 మిల్లీమీటర్లు వస్తుంది. చీకటిలో మన కనుపాప విచ్చుకునే వెడల్పు కూడా దాదాపు అంతే. అంటే తెల్లవారుజామున, మునిమాపు వేళ, స్నైపర్‌కు ఎక్కువ పని ఉండే సమయాల్లోనే, ఆ స్కోపు కంటికి అందగలిగిన కాంతినంతా అందిస్తుంది. అదే కటకంతో పది రెట్లు పెంచితే కాంతిపుంజం 2 మిల్లీమీటర్లకు సన్నబడి బొమ్మ మసకబారుతుంది. మసక పోవాలంటే ముందు కటకం పెద్దది కావాలి, దాంతో గొట్టం బరువెక్కుతుంది, దూరం నుంచి మెరిసే అద్దమూ పెరుగుతుంది.

రెండో విషయం చూపు వెడల్పు. పి.యు.లో 100 మీటర్ల దూరాన దాదాపు 8 మీటర్ల వెడల్పు కనబడుతుంది, కనుక ఒక కిటికీలో కదలిక కనబడితే పక్క కిటికీ కూడా దృష్టిలోనే ఉంటుంది. అమెరికన్ మెరైన్లు తమ 1903 స్ప్రింగ్‌ఫీల్డు మీద ఎనిమిది రెట్ల ఉనర్టెల్ స్కోపు వాడారు. దూరపు లక్ష్యానికి అది చక్కనిదే, కాని చూపు వెడల్పు పి.యు.లో సగం కూడా ఉండదు, పైగా కాల్చిన ప్రతిసారీ ఆ పొడవాటి గొట్టం ముందుకు జారితే చేత్తో వెనక్కి లాక్కోవాలి.

చేతి వణుకును కూడా మరువకూడదు. ఎండాకాలం మధ్యాహ్నం ట్యాంక్‌బండ్ మీద నిలబడి, శక్తిమంతమైన దుర్బిణిని చేత్తో పట్టుకుని బుద్ధ విగ్రహాన్ని చూడండి. విగ్రహంతో పాటు మీ ఊపిరీ, నాడీ, నీటి మీది వేడిగాలి అలలూ అన్నీ అన్ని రెట్లు పెద్దవై కనిపిస్తాయి.

పి.యు. స్కోపులో అడ్డుకమ్ముల మధ్య నిలువుగా నిలిచే మేకు దూరాన్ని కొలిచే సాధనం కూడా. దాని వెడల్పు వెయ్యింట రెండు వంతుల కోణం, అనగా 250 మీటర్ల దూరంలో అర మీటరును కప్పుతుంది. మనిషి భుజాల వెడల్పు సుమారు అర మీటరే కనుక, మేకు భుజాలను సరిగ్గా కప్పితే 250 మీటర్లు, భుజాలు మేకులో సగమే ఉంటే 500 మీటర్లు. అయితే దూరం తెలిసినంత మాత్రాన సరిపోదు. తూటా 400 మీటర్లు చేరడానికి అర సెకనుకు పైగా పడుతుంది, మామూలు నడకన పోయే మనిషి అంతలో ముప్పావు మీటరు దాటిపోతాడు. అందుకే స్నైపర్ నిలిచిన మనిషి కోసం ఎదురుచూస్తాడు, లేదా మనిషి నిలవక తప్పని చోటు కోసం.

జవాబు: అఫ్జల్‌గంజ్ గ్రంథాలయవాసి

పై ఇద్దరూ సాధనం గురించి చక్కగా చెప్పారు. ఒక మాట కలుపుతాను: కాల్చేవాడు, పరిశీలకుడు కలిసి ఉండే బ్రిటిష్ స్నైపర్ జంట దగ్గర పెద్దదిగా చూపే అద్దం లేకపోలేదు, అది రైఫిల్ మీద లేదు, అంతే. స్కాట్లండు కొండల్లో జింకలను వెతికే వేట కాపరులు వాడే పద్ధతి నుంచి వచ్చిన ఇరవై రెట్ల మడత టెలిస్కోపు ఒకటి జంటలో పరిశీలకుడి దగ్గర ఉండేది. ఒకరు గంటల తరబడి వెతికితే కళ్లు అలసిపోతాయి కనుక కొంతసేపటికోసారి ఇద్దరూ పనులు మార్చుకునేవారు. వెతకడం ఎక్కువ, కాల్చడం తక్కువ. రోజంతా చూసిన వివరాలను సాయంత్రం నివేదికగా ఇవ్వడం కూడా వారి విధే, కొన్ని రోజుల్లో అదే వారి మొత్తం ఫలితం.

సోవియట్ యూనియన్ ఈ విద్యలో ముందుండడానికి కారణం యుద్ధానికి ముందే ఉంది. మొదటి ప్రపంచ యుద్ధం ముగిశాక బ్రిటన్, జర్మనీ స్నైపర్ శిక్షణను దాదాపు వదిలేసిన కాలంలో, మాస్కో పౌర గురికాండ్ర సంఘాలను పెంచి, 1932లో వొరోషిలోవ్ గురికాడు అనే బ్యాడ్జీని ప్రవేశపెట్టి, కర్మాగారాల యువకులకూ యువతులకూ తుపాకీ నేర్పింది. కీవ్ విశ్వవిద్యాలయంలో చరిత్ర చదువుతున్న ల్యుద్మిలా పావ్లిచెంకో అలా నేర్చినదే. ఒదెస్సా, సెవాస్తొపోల్ పోరాటాల్లో ఆమె చంపినవారుగా 309 మంది నమోదయ్యారు. 1942లో గాయపడ్డాక ఆమెను అమెరికాకు పంపగా అధ్యక్షుడు రూజ్‌వెల్ట్ ఆమెకు స్వాగతం పలికాడు. మరుసటి ఏడు మాస్కో సమీపాన పదొల్స్క్ దగ్గర స్త్రీల కోసమే ప్రత్యేక స్నైపర్ పాఠశాల నడిచింది. జర్మన్లు ఈ దెబ్బ తిన్న తరువాతే మేల్కొన్నారు: 1944 ఆగస్టులో గాని తమ స్నైపర్ బ్యాడ్జీని ప్రకటించలేదు. ఆ నాటి సంఖ్యల్లో ప్రచారం పాలు ఉంటుందన్న జాగ్రత్త మాత్రం ఏ దేశం లెక్కకైనా అవసరమే.

ఇక స్టాలిన్‌గ్రాడ్. వాసిలీ జైత్సెవ్ నిజమైన వ్యక్తి, పసిఫిక్ నౌకాదళం నుంచి వచ్చినవాడు. 1942 నవంబరు 10 నుంచి డిసెంబరు 17 వరకు అతని లెక్కలో 225 మంది ఉన్నారు, అందులో 11 మంది శత్రు స్నైపర్లు. అతని రైఫిల్ ఇప్పటికీ వోల్గోగ్రాడ్ మ్యూజియంలో ఉంది. కాని ఆ మేజర్ కోనిగ్ పేరు జర్మన్ సైనిక రికార్డుల్లో దొరకలేదు కనుక, ద్వంద్వయుద్ధాన్ని నేను కథగానే లెక్కిస్తాను. నా అభిప్రాయంలో జైత్సెవ్ అసలు గొప్పతనం వేరు: మూడు జంటలను, అంటే ఆరుగురిని, ఒకే ప్రాంతంపై వేర్వేరు కోణాల్లో నిలిపి, శత్రువుకు ఏ గోడ చాటునా నిశ్చింత లేకుండా చేయడం. సినిమాలో ఒంటరి వీరుడు బాగుంటాడు గాని అక్కడ పనిచేసినది కూర్పు. శిథిల భవనంలో కిటికీ అంచున కాకుండా గది లోపలి చీకటిలో వెనక్కి పడుకుని కాల్చడం, గొట్టం ముందు మట్టిని తడిపి దుమ్ము లేవకుండా చేయడం, రెండు తూటాలకు మించి ఒకే చోట ఉండకపోవడం వంటివి ఏ సైన్యమైనా నేర్పిన పద్ధతులే.

మళ్లీ ప్రశ్న: మారేడుపల్లి పాఠకుడు

ముగ్గురికీ ధన్యవాదాలు. మరి ఫిన్లాండుకు చెందిన స్నైపర్ సిమో హైహా అసలు స్కోపే వాడలేదంటారు. అలాగైతే ఈ కటకాల చర్చ అంతా ఎందుకు? అలాగే స్నైపర్ ఉన్నాడని తెలిశాక ఎదుటి సైన్యం ఏం చేసేది?

జవాబు: తిరుమలగిరి విశ్రాంత సైనికుడు

హైహా వాడలేదన్నది నిజమే. సోవియట్ సైన్యంతో జరిగిన 1939-40 శీతాకాల యుద్ధంలో కొల్లా ప్రాంతంలో ఆయన ఎం 28-30 రైఫిల్‌ను ఫోర్‌సైటు, బ్యాక్‌సైటులతోనే వాడాడు. స్కోపులోకి చూడాలంటే తలను కొంచెం పైకెత్తాలి, తీవ్రమైన చలిలో అద్దం మీద ఊపిరి మంచు కడుతుంది, ఎండలో మెరుస్తుంది. ఆయన గొట్టం ముందు మంచును గట్టిగా అదిమి పొడి లేవకుండా చేసేవాడనీ, ఊపిరి ఆవిరి కనబడకుండా నోట్లో మంచు ఉంచుకునేవాడనీ చెబుతారు. తెల్లని మంచు మీద నల్లగా కదిలే సైనికుడు దగ్గరి దూరంలో ఉన్నప్పుడు, చిన్ననాటి నుంచి వేటాడిన కంటికి అద్దం అక్కర లేకపోయింది. దాన్ని అందరికీ సూత్రంగా చేయలేము. అంతటివాడికీ 1940 మార్చి 6న దవడలో తూటా దిగింది. సరిగ్గా వారానికి యుద్ధం ఆగిపోయింది.

స్నైపర్‌ను ఎదుర్కొనడానికి రెండు దారులుండేవి. మరో స్నైపర్‌ను పంపడం ఒకటి, అనుమానం కలిగిన చోటినంతా మోర్టార్లతో దున్నేయడం రెండోది. ఓపిక లేని దళాధిపతులు రెండోదాన్నే ఎంచుకునేవారు. 1944లో నార్మండీ కంచెపొదల మధ్య బ్రిటిష్ అధికారులు హోదా గుర్తులు తీసేసి, మ్యాప్ సంచీ, దుర్బిణి కనబడకుండా దాచి, తమకు సెల్యూట్ చేయవద్దని జవాన్లకు చెప్పేవారు, ఎందుకంటే జర్మన్ స్నైపర్ మొదట వెతికేది వాటినే. బర్మాలో, పసిఫిక్ దీవుల్లో జపనీయుల పద్ధతి మరొకటి. వారి టైప్ 97 రైఫిల్ 6.5 మిల్లీమీటర్ల చిన్న తూటా, పొడవైన గొట్టం వల్ల చాలా తక్కువ మెరుపుతో పేలేది, కాబట్టి చెట్టుకు తనను కట్టేసుకుని కూర్చున్నవాడిని శబ్దం విన్నా కనిపెట్టడం కష్టమయ్యేది. అనుమానం వస్తే బ్రెన్ మెషిన్‌గన్‌తో చెట్ల తలలన్నీ తుడిచేయడమే మిత్రసేనల జవాబు. స్కోపు ఉన్నా దాన్ని సరిచేసే మరలు లేకపోవడం ఆ రైఫిల్ లోపం. కర్మాగారంలో కుదిర్చిన గురితోనే సైనికుడు సర్దుకోవాలి.

మీ మొదటి ప్రశ్నకు సంబంధించి మరొక మాట. నంబర్ 4 టి రైఫిళ్లు 1950-53 కొరియా యుద్ధంలో కామన్‌వెల్త్ దళాలతో కొండల మీద మళ్లీ పనిచేశాయి. 1970 ప్రాంతంలో బ్రిటన్ వాటిలో కొన్నింటికి 7.62 మిల్లీమీటర్ల కొత్త గొట్టాలు బిగించి ఎల్42ఏ1 అని పేరు పెట్టింది. 1982 ఫాక్‌లాండ్ యుద్ధంలో బ్రిటిష్ స్నైపర్లు పట్టుకుని దిగినవి అవే.