ఎమర్జెన్సీ లైట్‌లో లిథియం సెల్: ఎన్ని వోల్టులు, ఎంత కరెంటు?

మౌలాలి కుర్రోడు: ఇంట్ల ఎమర్జెన్సీ లైట్ ఉంది. లోపల 4 వోల్టుల లెడ్ యాసిడ్ బ్యాటరీ ఉబ్బిపోయింది. కోఠి గుజరాతీ గల్లీల అడిగితే ఒకాయన 18650 అనే గుండ్రటి లిథియం సెల్ చేతిల పెట్టి "ఇది గూడ నాలుగు వోల్టులే గద, కలిపెయ్ భాయ్" అన్నడు. సెల్ మీద కెపాసిటీ 9800 ఎంఏహెచ్ (మిల్లీ ఆంప్ అవర్) అని ఉంది. పాత బోర్డుకే వైర్లు అతికియ్యొచ్చా?

వోల్టు బాబాయ్: అతికించకు తమ్ముడూ. ఆ లెడ్ యాసిడ్ బ్యాటరీ ఛార్జింగ్‌లో 4.8 దాకా పోతుంది, దానికది మామూలే. లిథియం సెల్‌కు హద్దు 4.2, అటూ ఇటూ 0.05 అంతే. అది దాటితే లోపల లిథియం లోహంగా పేరుకుంటుంది, గ్యాస్ పుడుతుంది, సెల్ అంటుకోవచ్చు కూడా. చవక లైట్లలో చాలావాటికి ఛార్జింగ్ బోర్డు అంటే ఒక కెపాసిటర్, నాలుగు డయోడ్లు. నిండగానే ఆపే కటాఫ్ అనేదే ఉండదు. ఇంకోటి, ప్లగ్గులో ఉండగా ఆ బోర్డు మీద చెయ్యి వెయ్యకు. ట్రాన్స్‌ఫార్మర్ లేదు కాబట్టి అంతా 230 వోల్టులతో తగిలి ఉన్నట్టే.

తార్నాక రేడియో: 9800 అన్న మాటే అబద్ధం. ఆ సైజులో పేరున్న కంపెనీల సెల్లే 3500 అటు ఇటు. కిరాణా కొట్టు డిజిటల్ కాటా మీద పెట్టి చూడండి, అసలుది 45 గ్రాములుంటుంది. మరీ తేలిగ్గా ఉంటే 1200 ఉన్నా గొప్పే. ఛార్జింగ్ కరెంటు లెక్క స్టిక్కర్ మీది అంకెతో కాదు, అసలు కెపాసిటీతో కట్టాలి: అందులో సగం. అంటే 600 మిల్లీ ఆంప్స్ లోపు.

మౌలాలి కుర్రోడు: కాటా మీద పెట్టిన, తేలికే వచ్చింది అన్నా. లిథియం సెల్ ఛార్జ్ చేసే చిన్న బోర్డు, టీపీ4056 మాడ్యూల్ ఉంది నా దగ్గర, అది 1 ఆంపు అంట గద?

వోల్టు బాబాయ్: వచ్చేటప్పుడు అంతే. చిప్ పక్కన 122 అని రాసున్న చిన్న రెసిస్టర్ ఉంటుంది, 1.2 కిలో ఓమ్స్. అది తీసి 202 అని రాసున్నది, అంటే 2 కిలో ఓమ్స్‌ది పెట్టు, 580 మిల్లీ ఆంప్స్‌కు దిగుతుంది. 4.2 దగ్గర ఆపడం చిప్ చూసుకుంటుంది. పాత బోర్డు మొత్తం పీకేసి ఫోన్ ఛార్జర్ నుంచి 5 వోల్టులివ్వు. ఛార్జింగ్‌లో ఉండగా లైట్ వెలిగించకు. కరెంటు పదో వంతుకు పడితేనే చిప్ ఆపుతుంది, లైట్ లాగుతుంటే అది పడదు.

ఉప్పల్ ఇన్వర్టర్: కరెంటు ఎంత తగ్గిస్తే అంత సేఫ్ కదా, ఇంత లెక్కెందుకు?

తార్నాక రేడియో: లిథియంకు వోల్టేజి దాటాక తక్కువ కరెంటు కూడా కాపాడదు. రిమోట్‌లో వేసే రీఛార్జబుల్ నికెల్ సెల్స్‌కు ఇంకో తిరకాసు. నిండాక వోల్టేజి కాస్త జారడం చూసి స్మార్ట్ ఛార్జర్ ఆపుతుంది. కరెంటు మరీ తక్కువైతే ఆ జారుడే కనపడదు, టైమర్ పెట్టుకోవాల్సిందే.

ఉప్పల్ ఇన్వర్టర్: సరే, మరి మా ఇన్వర్టర్‌కున్న 12 వోల్టుల 150 ఏహెచ్ (ఆంప్ అవర్) ట్యూబులర్ లెడ్ యాసిడ్ బ్యాటరీకి?

వోల్టు బాబాయ్: పదో వంతు, 15 ఆంప్స్. వోల్టేజి 14.4 దాకా ఎక్కి, ఆ తర్వాత ఫ్లోట్‌లో, అంటే నిండాక అలా నిలిపి ఉంచేటప్పుడు, 13.5 నుంచి 13.8. ఇది 25 డిగ్రీల లెక్క. మే నెలలో రేకుల కింద 40 తగిలితే సెల్‌కు, డిగ్రీకి 3 మిల్లీవోల్టులు తగ్గించాలి. ఆరు సెల్లు, 15 డిగ్రీలు: 0.27 వోల్టు. సెన్సర్ లేని ఇన్వర్టర్‌కు ఇది తెలియదు. ఎండాకాలం నీళ్లు ఊరికే తగ్గిపోతున్నాయంటే ఇదీ ఒక కారణం.

మౌలాలి కుర్రోడు: 202 వేసిన బాబాయ్. చిప్ వేడి తగ్గింది, మీటర్‌ల 4.19 చూపెట్టి, నిండినట్టు నీలం లైట్ వచ్చింది. ఉబ్బిన పాత బ్యాటరీ చెత్తబండిల ఎయ్యొచ్చా?

తార్నాక రేడియో: వద్దు, అందులో సీసం, యాసిడ్ ఉన్నాయి. ఇన్వర్టర్ బ్యాటరీలమ్మే షాపులో ఇవ్వండి, స్క్రాప్ కింద తీసుకుంటారు.