తెల్లబడ్డ పగడంలో ప్రాణం ఉందో లేదో ఎలా తేల్చాలి?

అండమాన్‌లోని నార్త్ బేలో స్నార్కెలింగ్ చేస్తూ రెండు మూడు మీటర్ల లోతులోని పగడాల ఫోటోలు తీస్తుంటాను. ఏప్రిల్ చివరి వారం నుంచి కొమ్మలుగా పెరిగే ఆక్రోపోరా పూర్తిగా తెల్లబడింది. పక్కనే బండల్లా ఉండే పోరైటిస్ మాత్రం లేత ఊదా రంగుకు మారింది. మధ్యాహ్నం డైవ్ వాచీలో నీటి ఉష్ణోగ్రత 31 డిగ్రీలు.

పగడం రంగును బట్టి ఆరోగ్యం అంచనా వేసే కోరల్‌వాచ్ రంగుల చార్ట్‌తో పోల్చి చూశాను. ఎంత పాలిపోయిందో తెలుస్తోంది గానీ బతికుందో లేదో తెలియడం లేదు. పగడాలను తినే ముళ్ల నక్షత్ర చేపలు, డ్రుపెల్లా నత్తల కోసం చుట్టూ వెతికాను, ఒక్కటీ కనబడలేదు. ఫోటోలు జూమ్ చేసినా పాలిప్‌లు (పగడాన్ని కట్టే చిన్న చిన్న జీవులు) కనిపించవు, చాలా జాతుల్లో అవి పగలు ముడుచుకునే ఉంటాయి కదా.

ఇప్పుడు కొన్ని కొమ్మల మొదళ్లలో గోధుమరంగు పొర వస్తోంది. పగడం కోలుకుంటూ తనలో ఉండి రంగునిచ్చే శైవలాలను (సూక్ష్మ నాచు జీవులను) తిరిగి తెచ్చుకుంటోందా, లేక చచ్చిన అస్థిపంజరం మీద నాచు పడుతోందా? 2010లో, 2016లో కూడా ఇక్కడి దిబ్బలు ఇలాగే తెల్లబడ్డాయి, అందుకే టెన్షన్‌గా ఉంది. ఇవి వన్యప్రాణి సంరక్షణ చట్టంలోని షెడ్యూల్-1 జీవులు, కాబట్టి ముట్టుకోను, ముక్క విరవను.

తాకకుండా, క్లోజప్ ఫోటోలో ఏ గుర్తు చూస్తే ఈ రెండింటికీ తేడా కచ్చితంగా తెలుస్తుంది?