పాత మూకీలో రాజు ఊరేగింపు: వేగం, తేదీ ఎలా తేల్చుకోవాలి?

ప్రశ్న: తొమ్మిదో తరగతి పిల్లలకు మొదటి ప్రపంచ యుద్ధం పాఠంలో చూపిద్దామని, బెల్జియం రాజు మొదటి ఆల్బర్ట్ బ్రస్సెల్స్‌కు తిరిగొచ్చిన మూకీ చిత్రం ఒకటి దించుకున్నాను. గుర్రాలూ మనుషులూ గబగబా పరిగెడుతున్నట్టున్నారు, పిల్లలు నవ్వేస్తారేమోనని బెంగ. అసలది 1918దేనా అని కూడా అనుమానం.

జవాబు: టీచర్ గారూ, అప్పటి కెమెరాను చేత్తో తిప్పేవాళ్లు. సెకనుకు రెండు చుట్లు, చుట్టుకు ఎనిమిది ఫ్రేములు, అంటే దాదాపు 16. అదే ఇప్పుడు 25 చొప్పున నడిస్తే నడక పరుగవుతుంది. ఎడిటింగ్ యాప్‌లో వేగం 64 శాతానికి దించండి. చేత్తో తిప్పడం కాబట్టి షాట్ షాట్‌కీ తేడా ఉంటుంది. 70 దాకా కొద్దికొద్దిగా పెంచుతూ, గుర్రం నడక సహజంగా అనిపించిన చోట ఆగండి. దానికంటే ముందు ఒక్కో ఫ్రేమూ జరిపి చూడండి. మధ్యమధ్య అదే బొమ్మ రెండుసార్లు వస్తోందంటే ఎవరో అప్పటికే సరిచేశారన్నమాట, ఇక ముట్టుకోవద్దు. జనం కేకలు వినిపిస్తే అవి తర్వాత అతికించినవి. తీసేయండి.

తేదీకి సైనికుల తలలు చూడండి. ఆల్బర్ట్ 1909 డిసెంబరులో రాజుగా ప్రమాణం చేయడానికీ, 1914 ఆగస్టు 4న పార్లమెంటుకూ గుర్రం మీదే వెళ్లాడు. అందుకే ఆ చిత్రాలను 1918వి అనుకునే పొరపాటు జరుగుతుంటుంది. ఉక్కు హెల్మెట్లు మాత్రం 1915 నుంచే వచ్చాయి. అవి ఉంటే మీది 1909, 1914 చిత్రం కాదు. బ్రస్సెల్స్ ప్రవేశం 1918 నవంబరు 22న. అంతకు ముందే బ్రూజ్, ఘెంట్, ఆంట్వెర్ప్‌లలోకి కూడా వెళ్లాడు కాబట్టి వెనకున్న భవనాలను పాత ఫొటోలతో పోల్చుకోండి.

ప్రశ్న: హెల్మెట్లు ఉన్నాయండీ! కానీ బెల్జియం జెండాలో నలుపు, పసుపు, ఎరుపు కదా, ఇందులో రెండు అంచులూ నల్లగానే ఉన్నాయేం?

జవాబు: అప్పటి ఫిల్ముకు ఎరుపు ఆనదు, నల్లగా పడుతుంది. ఫ్రాన్స్ జెండా అయితే నీలం పట్టీ తెల్లబారి, ఒక్క అంచే నల్లగా ఉండేది. మీది బెల్జియందే.

పిల్లలకు ఇంకొక్క మాట చెప్పండి. జర్మన్ సైన్యం 1914 ఆగస్టు 20న బ్రస్సెల్స్‌లో అడుగుపెట్టింది. ఆల్బర్ట్ దేశం వదలకుండా, ఈజెర్ నది వెనక మిగిలిన చిన్న ముక్కలో తన సైన్యంతోనే ఉండిపోయాడు. వీధికి రెండువైపులా నిలబడ్డ ఆ జనం నాలుగేళ్లకు పైగా ఎదురుచూసినవాళ్లు.

ప్రశ్న వేసినవారు: 66 దగ్గర కుదిరింది. ఇందాక మసకగా దాటిపోయిన ఒక పెద్దాయన ఇప్పుడు స్పష్టంగా కనిపించాడు. టోపీ తీసి ఛాతీకి ఆనించుకున్నాడు. గుర్రాలు వెళ్లిపోయినా మళ్లీ పెట్టుకోలేదు.