సమస్యాపూరణం: "పసిడి కంటెను రాయియే పనికి మేలు"

నిర్వాహకుడు:
మిత్రులకు నమస్కారం. ఈసారి సమస్య ఇది:

పసిడి కంటెను రాయియే పనికి మేలు

తేటగీతి చివరి పాదం. వరుసగా ఒక సూర్యగణం, రెండు ఇంద్రగణాలు, రెండు సూర్యగణాలు. మొదటి గణం "పసిడి", నాలుగోది "పనికి", యతి ప–ప. ప్రాస నియమం లేదు, ప్రాసయతి చెల్లుతుంది.

విషయం మైన్‌క్రాఫ్ట్. 2011లో పూర్తి రూపంలో విడుదలైన ఈ కంప్యూటర్ ఆటలో వట్టి చేతులతో మొదలుపెడతాం. చెట్టు మొదట్లో నిలబడి పిడికిలితో కొడుతూ ఉంటే మూడు సెకన్లకు ఒక దుంగ ఊడి, చిన్న ముక్కై నేల మీద తేలుతూ తిరుగుతుంది. మొదలు పోయినా పైదుంగలు గాలిలో అలాగే నిలిచి ఉంటాయి. ఒక దుంగకు 4 పలకలు, రెండు పలకలకు 4 పుల్లలు. మూడు పలకలు, రెండు పుల్లలు కలిస్తే కర్ర పికాక్స్, అంటే రాయి తవ్వే పనిముట్టు. అది చేతికి వచ్చేదాకా రాయి మనది కాదు. ఖాళీ చేత్తో కొడితే ఒక్క రాతి బ్లాకుకు ఏడున్నర సెకన్లు పడుతుంది, అది పగిలినా ఏమీ రాలదు. రోజు మొత్తం 20 నిమిషాలే, అందులో పగలు 10. ఆ పది నిమిషాల్లో ఏది ముందు ఏరుకున్నామన్నదే మొదటి రాత్రి మన గతిని నిర్ణయిస్తుంది.

ఒక్క షరతు. బంగారం కన్నా గుణం గొప్పది, శ్రమ గొప్పది అంటూ నీతి వైపు తిప్పి పూరించవద్దు. వినగానే అసంబద్ధం అనిపించే ఈ పాదం ఆటలో అక్షరాలా నిజం. ఆ కారణం పద్యంలో కనబడాలి.

పుల్లలమోపు:
నా పూరణ.

మెరయు బంగారు పనిముట్టు మెత్తనగుట
ముప్పదియు రెండు దెబ్బల ముగిసి పోవు
నూట ముప్పదియొక్కటి నోర్చు శిలయె
పసిడి కంటెను రాయియే పనికి మేలు

నిర్వాహకుడు:
అంకెలను తేటగీతిలో ఇలా ఇమిడ్చినందుకు అభినందనలు. బంగారు పికాక్స్ ఆయుష్షు 32, రాతి పికాక్స్‌ది 131. రెండూ తప్పకుండా వచ్చాయి. "ఒక్కటి నోర్చు" దగ్గర ద్రుతంతో యతి కుదిరిన తీరు సహజంగా ఉంది. ఒక్క సవరణ. ఆయుష్షు తరిగేది దెబ్బ దెబ్బకూ కాదు, బ్లాకు పగిలినప్పుడు. సగం కొట్టి వదిలేస్తే పనిముట్టుకు ఏమీ కాదు. కనుక "దెబ్బల" బదులు "రాళ్లకే" అనండి:

ముప్పదియు రెండు రాళ్లకే ముగిసి పోవు

"దెబ్బల" భగణం, "రాళ్లకే" రగణం, రెండూ ఇంద్రగణాలే. పైగా ఆ ఏకారంలో "ఇంతేనా" అన్న నిట్టూర్పు వచ్చింది.

గనికాపు:
పద్యం బాగుంది కానీ ఒక వైపే చెప్పారు. వేగం మాటేమిటండీ? బంగారు పికాక్స్ మామూలు రాయిని 0.2 సెకనులో తీసేస్తుంది. రాతిదానికి 0.6 కావాలి. పనిముట్లన్నిటిలో వేగం బంగారానిదే, వజ్రం కూడా దాని వెనకే. ఎన్‌చాంట్‌మెంట్ (మంత్రశక్తి) పట్టే గుణంలోనూ బంగారం 22, రాయి 5. "పనికి మేలు" అని తేల్చేముందు ఇవి తూకం వేయాలి కదా.

పుల్లలమోపు:
రాళ్లకే అని మార్చుకున్నాను, ధన్యవాదాలు. గనికాపు గారూ, వేగం నిజమే. కానీ మూడు రెట్ల వేగంతో 32 రాళ్ల దగ్గర ఆగిపోయేది పనిముట్టు ఎలా అవుతుంది?

గనికాపు:
ఆయుష్షుతో వేగాన్ని కొట్టేయలేమని నా అభిప్రాయం. వేగం ఉన్నా ఎందుకు ఓడిందో చెప్పాలంటే వేరే కారణం కావాలి. అందుకే ఇది రాశాను.

ఇనుప రాతిని బంగార మెంత కొట్ట
రాలి పోవును చేతికి రాదు గాదె
యదియె రాతికి లోబడు హాయిగాను
పసిడి కంటెను రాయియే పనికి మేలు

నిర్వాహకుడు:
ఇదీ నేను ఎదురుచూసిన కారణం. తవ్వే అర్హతలో బంగారం కర్రతో సమానం. ఇనుప ఖనిజాన్ని అది పగలగొడుతుంది, కానీ ముక్క రాలదు. రాతి పికాక్స్‌తో కొడితేనే ముడి ఇనుము చేతికొస్తుంది. మొదటిసారి నారింజ చుక్కల బ్లాకును బంగారంతో కొట్టి, అది మాయమై, కింద ఏమీ లేక, ఆ ఖాళీ గుంటను చూస్తూ నిలబడిన వాళ్లకు "చేతికి రాదు గాదె" అన్న మాట గుచ్చుకుంటుంది. నాకు గుచ్చుకుంది.

"అదియె" అని అచ్చుతో పాదం ఎత్తుకోకుండా "యదియె" అని యడాగమంతో రాయడం పద్ధతి. య–హా యతి కూడా నిర్దుష్టం.

అయితే మొదటి పాదంలో అర్థం జారింది. "ఎంత కొట్ట" అనగానే చదివేవాడు "ఎంత కొట్టినా పగలదు" అనుకుంటాడు. మరుక్షణమే "రాలి పోవును" అంటున్నారు. ఒకదానికొకటి అడ్డం. ఇలా మార్చి చూడండి:

ఇనుప రాతిని బంగార మేటు వేయ

బంగారము, ఏటు. ఇ–ఏ స్వరయతి నిలిచింది, వైరుధ్యం పోయింది.

గనికాపు:
ఏటు ఎంత బాగా కూర్చుందండీ! శిరోధార్యం.

మొలకచెట్టు:
అందరికీ నమస్కారం. పద్యం రాయడం నాకు ఇదే మొదలు. తప్పులుంటే చెప్పండి.

ప్రొద్దు గుంకగ జాంబీలు పోరు సలుప
చుట్టు గోడగ నిలిచెను రాళ్లె కాదె
పెట్టె లోపలి పుత్తడి పేరు కొరకె
పసిడి కంటెను రాయియే పనికి మేలు

నిర్వాహకుడు:
మొలకచెట్టు గారూ, స్వాగతం. మొదటి పద్యంలోనే గణాలన్నీ సరిపోయాయి, అది చిన్న విషయం కాదు. "జాంబీలు" తగణంగా చక్కగా ఒదిగింది. రెండో పాదంలో మాత్రం యతి తప్పింది. "చు"కు "రా"తో మైత్రి లేదు. ప్రాసయతి అనుకుందామన్నా "ట్ట"కు "ళ్ల" కుదరదు. రాళ్లను చివరికి జరిపితే చాలు:

చుట్టు గోడగ నిలిచెను చూడ రాళ్లె

పుల్లలమోపు:
నాకొక సందేహం. మొదటి రాత్రికి పెట్టెలో పుత్తడి ఎక్కడిది? బంగారు ఖనిజాన్ని తవ్వాలంటే ఇనుప పికాక్స్ కావాలి కదా. ఇనుము ఉన్నవాడికి రాతిగోడల గురించి ఇంత బెంగ దేనికి?

నిర్వాహకుడు:
మంచి ప్రశ్న. కానీ పద్యంలో "మొదటి రాత్రి" అన్న మాట లేదు, ఏ రాత్రయినా కావచ్చు. అదీకాక 2020లో వచ్చిన నెదర్ (ఆటలోని పాతాళలోకం) అప్‌డేట్ తరువాత, ఆ లోకానికి దారితీసే ద్వారాల శిథిలాలైన శిథిల పోర్టళ్ల పక్కన పెట్టెల్లో బంగారు పనిముట్లు తయారుగానే దొరుకుతున్నాయి. పగలు అలాంటి పెట్టె ఒకటి తెరిచి సంబరపడి, పొద్దు గుంకేసరికి తలుపు లేని గుంటలో రాళ్లు పేర్చుకుంటూ కూర్చునే ఆటగాడు ఉండగలడు. పద్యం నిలుస్తుంది.

మొలకచెట్టు:
యతి స్థానం ఇప్పుడు అర్థమైంది. ఇంకొక్కటి అడుగుతాను. "కాబుల్‌స్టోన్" (తవ్విన రాయికి ఆటలో పేరు) అని రాద్దామని చాలాసేపు ప్రయత్నించాను, ఎక్కడా పట్టలేదు. నా చేతకానితనమా, ఛందస్సులోనే వీలు లేదా?

నిర్వాహకుడు:
వీలుంది, కానీ ఒకే ఒక్క చోట. కా, బుల్, స్టోన్ మూడూ గురువులు. సూర్యగణం ఏదైనా లఘువుతోనే ముగుస్తుంది కనుక మొదటి గణం దాటేదాకా కుదరదు. రెండో గణం గురువుతో ముగిసి, మూడోది తగణమైతేనే మూడు గురువులు వరుసగా పడతాయి. అంటే "కా" రెండో గణం చివర ఉండాలి, "బుల్‌స్టోన్" మూడోదాన్ని మొదలుపెట్టాలి. అంత కష్టపడేకన్నా "రాయి" హాయి. పికాక్స్ విషయంలోనూ ఇదే అంటాను. పలుగు అంటే నిజానికి నిలువు ఇనుప కడ్డీ, ఆటలో ఉన్నదానికి రెండు వైపులా కొన ఉంటుంది. అయినా పద్యంలో "పలుగు" అంటే తవ్వేదని ఎవరికైనా తెలుస్తుంది, వాడుకోండి.

నల్లరాయి:
నేను ఎదురు పక్షం తీసుకుంటున్నాను.

పంది మూకల లోకాన పసిడి లేక
యడుగు వెట్టిన చావగు నట్టి చోటు
నెరుగ నట్టి వా డెవ్వడో యిట్టు లనియె
పసిడి కంటెను రాయియే పనికి మేలు

నిర్వాహకుడు:
సమస్యను ఇంకొకరి నోట పెట్టి తప్పుకోవడం అవధానుల పాత ఉపాయం, పద్యం నడక కూడా ఎక్కడా తడబడలేదు. నెదర్‌లో పంది ముఖాల పిగ్లిన్లు బంగారు కవచం ఒక్కటైనా తొడుక్కోని వాడి మీద పడతాయన్నది నిజం. కానీ ఈ ఉపాయంతో ఏ సమస్యనైనా పూరించవచ్చు. రేపు "నీళ్ల కంటెను నిప్పులు చల్లన" అని ఇచ్చినా "ఎరుగని వాడెవ్వడో యిట్టు లనియె" సరిపోతుంది. సమస్యలో ఉన్న ముడి అలాగే మిగిలిపోతుంది. అందుకే దీన్ని మెచ్చుకుంటూనే వెనక వరుసలో పెడుతున్నాను.

గనికాపు:
పైగా పిగ్లిన్ల దగ్గర బంగారం తొడుక్కోవడానికి, మార్పిడికి. తవ్వడానికి కాదు. సమస్యలో మాట "పనికి". ఆ లోకంలోనూ పికాక్స్ విరిగితే చేసుకునేది అక్కడి బ్లాక్‌స్టోన్‌తోనే కదండీ! మీ పేరే మీకు జవాబు చెబుతోంది, నల్లరాయి గారూ.

నల్లరాయి:
ఒప్పుకున్నాను. మళ్లీ ప్రయత్నించాను, ఈసారి రాయి పక్షాన.

ఎనిమిదగు రాళ్లు కొలిమియై యినుము గాచు
మాను కాల్చియు బొగ్గుగ మార్చి యిచ్చు
పండు చుట్టిన పసిడియో పంటి పాలు
పసిడి కంటెను రాయియే పనికి మేలు

నిర్వాహకుడు:
ఈ పద్యం దగ్గర చాలాసేపు ఆగాను. ఫర్నేస్‌కు 8 రాళ్లు, నడిమి గడి ఖాళీ. బంగారు ఆపిల్‌కు 8 బంగారు కడ్డీలు, నడిమి గడిలో పండు. వస్తువులు తయారుచేసే తొమ్మిది గడుల క్రాఫ్టింగ్ టేబుల్ మీద రెండూ ఒకే ఆకారం! ఎనిమిది రాళ్లు అలా పేర్చితే ఎన్నాళ్లయినా మండే కొలిమి అవుతుంది. ఎనిమిది కడ్డీలు అలాగే పేర్చితే ఒక్కసారి కొరికి మింగే పండు అవుతుంది. ఆ పోలికను పేరుపెట్టి చెప్పకుండా "చుట్టిన" అన్న ఒక్క మాటలో ఇరికించారు. "పంటి పాలు" అన్నది ఎంత తెలుగు! నేలపాలు, గంగపాలు విన్నాం, పంటిపాలు మీది.

"కాల్చియు"లో యుకారం గణం నింపడానికి వచ్చింది తప్ప పనిచేయడం లేదు. ఆటలో మాటే తీసుకోండి:

మాను దుంగను బొగ్గుగ మార్చి యిచ్చు

బొగ్గు గని దొరకని రోజున దుంగల్ని కొలిమిలో కాల్చి బొగ్గు చేసుకునే కిటుకు కొత్తవారికి కూడా పద్యంతో పాటు అందుతుంది. ఒక బొగ్గు, ఒక పుల్ల కలిస్తే 4 టార్చులు.

పుల్లలమోపు:
నల్లరాయి గారి రెండో పద్యం చదివాక నా అంకెల పద్యం లెక్కల పుస్తకంలా కనిపించింది. మొదటి నుంచి మొదలుపెట్టి ఇంకొకటి రాశాను.

చేతి గుద్దుల తరువును చీల్చి తెచ్చి
పలుగు కర్రతో జేసితి పగుల గొట్ట
రాయి దొరకెను వజ్రాల రాచబాట
పసిడి కంటెను రాయియే పనికి మేలు

గనికాపు:
"వజ్రాల రాచబాట" చదవగానే ఒళ్లు పులకరించింది. రాతితో ఇనుము, ఇనుముతో వజ్రం. దారి మొత్తం మూడు మాటల్లో ఉంది.

నిర్వాహకుడు:
ఆ మూడు మాటలకు నేనూ నమస్కరిస్తాను. పిడికిలి, కర్ర, రాయి అని మెట్టు మెట్టుగా పైకి తీసుకెళ్లారు. అయినా ఒక కొరత ఉంది. మొదటి మూడు పాదాల్లో బంగారం ఊసే లేదు. రాయి గొప్పదని తెలిసింది కానీ పసిడి కన్నా ఎందుకో చెప్పలేదు. నాలుగో పాదం పైనుంచి వచ్చి అతికినట్టుంది. పసిడిని కూడా ఆ దారిలోకి తీసుకురండి. "తెచ్చి, జేసితి, దొరకెను" అని క్రియలు మూడు వరుసగా వచ్చాయి, వాటిని తగ్గిస్తే చోటు దొరుకుతుంది. తొందరేమీ లేదు.

మొలకచెట్టు:
"రాచబాట" మాత్రం తీసేయకండి, దయచేసి.

పుల్లలమోపు:
రాచబాటలో "రాచ" పోయింది, మొలకచెట్టు గారూ, క్షమించాలి. "బాట"ను కాపాడుకున్నాను. "పసిడి"కి "బాట"తో యతి కుదిరేసరికి పద్యం మొత్తం దానంతటదే మారిపోయింది.

చేతి గుద్దుల తరువును చీల్చి చేయు
కర్ర పలుగున దొరికిన గట్టి రాయి
పసిడి యెరుగని వజ్రాల బాట జూపె
పసిడి కంటెను రాయియే పనికి మేలు

నిర్వాహకుడు:
"పసిడి యెరుగని వజ్రాల బాట." ఇక నేను ముట్టుకోను.